మన కరువును మన కంటితోనే చూపాలి

(అనంతపురంలో విద్యార్థులు, ఉద్యోగుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)

సీమ అంటే బయటివాళ్లకు గుర్తొచ్చేదేమిటి? వేటకొడవళ్లు, నాటుబాంబులు, గాల్లోకి లేచే సుమోలు. 1999లో 'సమరసింహారెడ్డి' ఆడింది మొదలు తెలుగు సినిమా మన ఊళ్లను ఎక్కువగా ఆ కంటితోనే చూసింది. చెనిక్కాయ చేను ఊడల దశలో ఎండిపోయినప్పుడు, ఇంటికి తాళమేసి బెంగుళూరు బస్సెక్కినప్పుడు ఆ కెమెరా ఎక్కడికి పోయింది? ఈ ప్రశ్న అడగడానికే బి.నరసింగరావు గారి గురించి మాట్లాడుతున్నాం.

ఆయన సీమవాసి కాదు. 1946లో మెదక్ జిల్లా ప్రజ్ఞాపూర్‌లో పుట్టారు. అయినా ఆయన నడిచిన దారి మనకు పాఠం. తెలంగాణ యాసను సినిమా నవ్వులకో, రౌడీ పాత్రలకో వాడుకున్న కాలమది. 1980లో 'మా భూమి' విడుదలైంది. మూలం కిషన్ చందర్ ఉర్దూ నవల. దర్శకుడు బెంగాలీ అయిన గౌతమ్ ఘోష్. నిర్మాతలు నరసింగరావు, జి.రవీంద్రనాథ్. కథ, దర్శకత్వం బయటివాళ్లవే. కానీ ఏం చెప్పాలో తేల్చుకున్నది ఆ నేల మనుషులు. అసలు కీలకం అదే.

తర్వాత ఆయనే కెమెరా వెనక్కి వెళ్లారు. 1983లో 'రంగుల కల' తీసి చిత్రకారుడి పాత్ర తానే వేశారు. 'మా ఊరు' డాక్యుమెంటరీలో తెలంగాణ పల్లెను పల్లెగా చూపారు. 1988 నాటి 'దాసి' దొరల గడిలో నలిగిన ఆడబాప కథ. దానికి 5 జాతీయ అవార్డులొచ్చాయి. నటి అర్చనకు, ఛాయాగ్రాహకుడు ఎ.కె.బీర్‌కు, కళాదర్శకుడు తోట వైకుంఠానికి, దుస్తులు రూపొందించిన సుదర్శన్‌కు, చిత్రానికి. 1990లో 'మట్టి మనుషులు' వచ్చింది. ఊరొదిలి నగరంలో మేడలు కట్టే కూలీల బతుకది. ఆ కూలీల్లో మన కదిరి, మడకశిర మనుషులు కనబడరా?

ఈ దారి తేలిక కాదు. 1990 తర్వాత ఆయన తీసిన కథాచిత్రాలు బహు కొద్ది. స్టార్లు, డ్యూయెట్లు లేని సినిమాకు మార్కెట్టు చోటివ్వదు. అది తెలిసే దిగాలి.

మనకు మనుషులు లేరా? 'పాతాళభైరవి', 'మాయాబజార్' తీసిన కె.వి.రెడ్డి మన తాడిపత్రి ప్రాంతం వాడే. కానీ ఆ ప్రతిభ మద్రాసులో వెలిగింది. మన కరువు తెరకెక్కలేదు.

ఏడాదికి 550 మిల్లీమీటర్ల చుట్టూ తిరిగే వానతో బతకడం ఒక విద్య. కొర్ర, ఆరిక, సజ్జ పండించిన పెద్దల దగ్గర అది ఉంది. నిమ్మలకుంట తోలుబొమ్మలాటగాళ్ల దగ్గర ఆట ఉంది. శ్రీబాగ్ ఒడంబడిక 1937 నాటిది. దాని కాగితం దాచుకున్నాం, ఆ తరం గొంతులు ఎన్ని దాచుకున్నాం?

విద్యార్థి మిత్రులారా, మీ జేబులో ఫోనుంది. ఈ ఎండాకాలం సెలవుల్లో మీ అవ్వ దగ్గర కూర్చోండి. ఆమె చూసిన కరువు ఆమె మాటల్లోనే రికార్డు చేయండి. ఉద్యోగ మిత్రులారా, నెల జీతంలో ఒక రోజుది వాళ్ల ప్రయాణానికివ్వండి. ఆ పెద్దలు పోయాక ఎంత పెద్ద కెమెరా తెచ్చినా లాభముండదు.