గృహఋణము: దాని నిజమైన వెల

(సంఘ వార్షిక మహాసభలో చేసిన ఉపన్యాసము)



సంస్కృతాంధ్రములు బోధించుచు బడిలోనే తల నెఱసిన మావంటివారు సభలో లేచి నిలిచినచో, విద్యను గూర్చియో వాఙ్మయమును గూర్చియో ప్రసంగింతురని మీరు తలచుట సహజము. నేడు మేమట్లు చేయక, గృహఋణమును గూర్చి నాలుగు మాటలు విన్నవింప నెంచితిమి. కారణమేమనగా, విద్యార్థుల సహాయమునకై చందా నడుగ బోయినపుడు మన యువకోద్యోగులు తఱచుగ చెప్పు సమాధానము, ఇంటి వాయిదా పోగా మిగులుట లేదనియే. ఆ సమాధానమును మేము తప్పు పట్టము. తల దాచుకొన ఇల్లు గృహస్థునకు ముఖ్యావసరము. కాని "నాయనా, నెలకెంత కట్టుచున్నావు?" అని యడిగిన వెంటనే చెప్పినవారు, "అంతయు తీఱునప్పటికి మొత్తమెంత కట్టుదువు?" అని యడిగినపుడు మౌనము వహించిరి. ఆ రెండవ ప్రశ్నయే నేటి మా ప్రసంగవిషయము.

మన పల్లెలలో వడ్డీని నూటికి నెలకింత యని చెప్పుట వాడుక. రెండు రూపాయల వడ్డీ భారమనియు, రూపాయి వడ్డీ ధర్మమనియు, ముప్పావలా వడ్డీ బంధుప్రీతిచేత నిచ్చినదనియు తలతుము. బ్యాంకువారు చెప్పు సాలునకు 9 శాతము ఈ ముప్పావలా వడ్డీయే. కావున ఇంత చౌకగ మఱి యెవరిత్తురని సంతోషించి సంతకము చేయుదుము. కాని మన పెద్దలు చేసిన చేబదులు పంట యింటికి రాగానే తీర్చునట్టిది. ఇప్పుడు మనము చేయునది ఇరువది, ముప్పదియేండ్లు మోయునట్టిది. ఋణమునకు రేటు ఒక కొలత, కాలము రెండవ కొలత. మొదటిదానికై పావుశాతము వఱకు బేరమాడుదుము. రెండవదానిని గూర్చి, "నెలవాయిదా ఎంత తగ్గించెదరు?" అని మనమే యడిగి, ఏండ్లకేండ్లు విడిచిపెట్టుదుము.

లెక్క చూపక మాట చెప్పుట ఉపాధ్యాయునకు తగదు. 30 లక్షల రూపాయల ఋణమును 9 శాతము వడ్డీకి తీసికొని, వడ్డీ మాఱలేదని యనుకొందము. లెక్క సుమారుగ నిట్లుండును.

15 సంవత్సరముల గడువునకు నెలవాయిదా రూ. 30,428, మొత్తము వడ్డీ రూ. 24,77,000.
20 సంవత్సరముల గడువునకు నెలవాయిదా రూ. 26,992, మొత్తము వడ్డీ రూ. 34,78,000.
30 సంవత్సరముల గడువునకు నెలవాయిదా రూ. 24,139, మొత్తము వడ్డీ రూ. 56,90,000.

ఇరువదియేండ్ల గడువును ముప్పదికి పెంచినచో నెలకు తగ్గునది రూ. 2,853 మాత్రమే, పెరుగు వడ్డీ 22 లక్షలకు పైగా. నెలకు మూడువేల లోపు సౌకర్యమునకు మన మిచ్చు మూల్యమిది.

ఇట్లేల యగునో తెలిసికొనవలెను. ప్రతి నెలయు అప్పటికి మిగిలియున్న బాకీపై వడ్డీ కట్టుదురు. మొదటి నెలలో 30 లక్షలపై వడ్డీ రూ. 22,500. ఇరువదియేండ్ల వాయిదా రూ. 26,992లో ఈ వడ్డీ పోగా అసలునకు చేరునది రూ. 4,492 మాత్రమే. అయిదేండ్లు తప్పక కట్టినవాడు 16 లక్షలకు పైగా చెల్లించియుండును. కాని బాకీ తఱిగినది రూ. 3,39,000 మాత్రమే. సగము కాలము, అనగా పదియేండ్లు, గడచునప్పటికి 32 లక్షలు పైబడి చెల్లించియుండును; అయినను 21 లక్షల 30 వేలు బాకీ నిలిచియే యుండును. వాయిదాలో వడ్డీకంటె అసలు భాగము అధికమగుట 149వ నెలలో, అనగా పదుమూడవ సంవత్సరమున, గాని సంభవింపదు. ఇందు మోసమేమియు లేదు, ఇది గణితము. కాని గణిత మెఱిగినవాడు మొదటి సంవత్సరములందే మేల్కొనును. ఎఱుగనివాడు పదియేండ్ల పిమ్మట బాకీ చూచుకొని నివ్వెఱపోవును.

మన ప్రాచీనులు ఈ విషయమున మిక్కిలి జాగరూకులు. మనుస్మృతి యెనిమిదవ అధ్యాయమున, వసిష్ఠుడు విధించిన వృద్ధి నెలకు ఎనుబదియవ భాగమని కలదు. అనగా నూటికి రూపాయి పావలా, సాలునకు 15 శాతము. ఇది నేటి బ్యాంకు రేటుకంటె హెచ్చు. కాని ఆ యధ్యాయముననే, ఒకేసారి రాబట్టు మొత్తము వడ్డీతో కూడ అసలునకు రెట్టింపు దాటరాదను కట్టుబాటును గలదు. దామ్‌దుపట్ అను పేరుతో ఈ నియమమునే ఆంగ్లప్రభుత్వకాలమున బొంబాయి రాష్ట్రమునను కలకత్తా నగరమునను న్యాయస్థానములు పాటించినవి. అది పోగుపడిన వడ్డీకి వర్తించునే గాని, నెలనెల చెల్లించి వేయు వడ్డీకి వర్తింపదు. కావున మన వాయిదాలలో అసలును మించిన వడ్డీ ఏ కట్టుబాటునకును తగులక చెల్లిపోవుచున్నది. శాస్త్రము కాపాడని చోట మన లెక్కయే మనలను కాపాడవలెను.

ఇక మఱియొక సంగతి. నేటి గృహఋణములలో పెక్కింటి వడ్డీ స్థిరము కాదు. 2019 అక్టోబరు 1 నుండి బ్యాంకులు క్రొత్తగ నిచ్చు మాఱెడు వడ్డీ గృహఋణములను రెపో రేటువంటి బాహ్యప్రమాణముతో ముడివేయవలెనని రిజర్వు బ్యాంకు నిర్ణయించినది. ఆ రెపో రేటు 2022 మే నెల మొదట 4 శాతముండి, 2023 ఫిబ్రవరి నాటికి 6.50 శాతమాయెను. దాని ఫలమును ఒక యుదాహరణముచేత చూడుడు. 30 లక్షలు, 7 శాతము, ఇరువదియేండ్ల గడువు, వాయిదా రూ. 23,259. ఏడాది గడచునప్పటికి బాకీ రూ. 29,28,600. అప్పుడు వడ్డీ రెండున్నర శాతము పెరిగి 9.5 అయినదనుకొందము. ఆ నెల వడ్డీయే రూ. 23,185. వాయిదాను మార్పక యుంచినచో అసలునకు చేరునది 74 రూపాయలు! ఆ రీతిగనే కట్టుచు పోయినచో ఋణము తీఱుటకు అఱువదియేండ్లు దాటును.

మా పూర్వశిష్యుడొకడు తన ఋణపత్రములు తెచ్చి చూపెను. నాలుగేండ్లు ఒక్క వాయిదాయు తప్పలేదు. కాని మిగిలిన వాయిదాల సంఖ్య ఆరంభమున నున్నదానికంటె హెచ్చుగ నుండెను. వడ్డీ పెరిగినప్పుడు తన వాయిదా పెరుగకుండుట చూచి, బ్యాంకువారు దయదలచిరని యతడు భావించెనట. వాయిదా పెరుగలేదు గాని గడువు పెరిగినది. ఇట్టివారు పెక్కుమంది గలరు. 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఈ విషయమున స్పష్టమైన యాజ్ఞలు చేసినది: వడ్డీ మాఱినపుడు దాని ఫలితమును ఋణగ్రహీతకు తెలుపవలెను, వాయిదాను పెంచుకొనుటయో, గడువును పెంచుకొనుటయో, రెండును కొంచెము కొంచెము పెంచుకొనుటయో కోరుకొను వీలు కల్పింపవలెను, మూడు నెలల కొకసారి మిగిలిన వాయిదాల సంఖ్యతో లెక్క నీయవలెను. ఆ లెక్క వచ్చినప్పుడు తెఱచి చదువుడు. 2025లో రెపో రేటు పలుమాఱులు తగ్గినది. తగ్గినపుడు మన వాయిదాను తగ్గించుకొనక పూర్వపు మొత్తమునే కట్టుచుండినచో, పెరిగిన గడువు తనంతట తరిగివచ్చును.

చిన్న ఖర్చులును కలవు. ఋణముతో పాటు బీమాను అంటగట్టి, దాని ప్రీమియమును ఋణములోనే కలుపుట కొన్నిచోట్ల పరిపాటి. బీమా మంచిదే, యజమాని లేని నాడు కుటుంబమునకు ఇల్లు మిగులును. కాని 60,000 రూపాయల ప్రీమియము ఋణములో కలిసి ఇరువదియేండ్లు 9 శాతము మోసినచో దాని వెల సుమారు రూ. 1,29,600 అగును. కావున దానిని చేతిసొమ్ముతో కట్టుట మేలు. 2024 అక్టోబరు 1 నుండి క్రొత్త ఋణములకు ముఖ్యాంశముల పత్రము నొకదానిని బ్యాంకులు తప్పక యీయవలసియున్నది. వడ్డీతో పాటు రుసుములన్నియు కలిపిన వార్షిక శాతము అందుండును. రెండు బ్యాంకులను పోల్చువారు ప్రకటనలోని రేటును గాక ఈ శాతమును పోల్చవలెను.

ఇదంతయు విని ఋణమే చేయరాదని మేము చెప్పుచున్నట్లు భావింపకుడు. ఇరువదియేండ్ల తరువాతి రూపాయి నేటి రూపాయి కాదు, జీతములును పెరుగును. కావున పై మొత్తములను నేటి రూపాయలుగ నెంచి భయపడ నక్కఱలేదు. అద్దె కట్టువానికి అదియును ఖర్చే. కాని పన్ను తగ్గునని ఋణము నుంచుకొనుట వివేకము కాదు. ముప్పది రూపాయల పన్ను మిగులుటకై నూఱు రూపాయల వడ్డీ కట్టువాడు డెబ్బది పోగొట్టుకొనుచున్నాడు.

మఱి తరుణోపాయమేమి? ఋణమును పెంచునది కాలము గనుక, కాలమునే తగ్గింపవలెను. పై ఇరువదియేండ్ల ఋణములో మొదటి సంవత్సరాంతమున ఒక లక్ష రూపాయలు అదనముగ కట్టి, వాయిదాను మార్పకుండినచో, 19 నెలల వాయిదాలు తప్పిపోవును. వడ్డీలో సుమారు 4 లక్షల 13 వేలు మిగులును. అంత చేయలేనివారు ఏటికి ఒక్క వాయిదా అధికముగ కట్టినను, మూడున్నర సంవత్సరములు ముందుగ ఋణవిముక్తులగుదురు. వడ్డీలో దాదాపు 7 లక్షలు మిగులును. మాఱెడు వడ్డీపై వ్యక్తులు తీసికొన్న గృహఋణమును ముందుగ తీర్చినందుకు అపరాధరుసుము వసూలు చేయరాదని రిజర్వు బ్యాంకు 2012లోనే బ్యాంకులకు ఆజ్ఞాపించినది. అదనపు సొమ్ము కట్టునపుడు, వాయిదాను తగ్గింపక గడువును తగ్గింపుడని వ్రాసి యీయవలెను. కొందఱు ఒక చేత ఋణమును, మఱియొక చేత అదే బ్యాంకులో డిపాజిట్టును ఉంచుకొందురు. డిపాజిట్టుపై వచ్చు వడ్డీ ఋణముపై పోవు వడ్డీకంటె సాధారణముగ తక్కువ. పైగా దానిపై పన్నును కలదు. ఆఱునెలల కుటుంబవ్యయమును ఆపదకై యుంచుకొని, మిగిలినది ఋణమునకు కట్టుటయే లాభము. ఋణము తీఱిన పిమ్మట అసలు దస్తావేజులను 30 దినములలో తిరిగి యీయవలెననియు, ఆలస్యమునకు బ్యాంకే బాధ్యమైనచో దినమునకు రూ. 5,000 చెల్లింపవలెననియు 2023 డిసెంబరు 1 నుండి నియమము గలదు. దస్తావేజులు చేతికి వచ్చువఱకు ఋణము తీఱినదని తలపరాదు.

ఇప్పుడు సంఘమునకు సంబంధించిన మాట యొకటి చెప్పక తప్పదు. మనవారి పెండ్లి సంబంధములలో ఇప్పుడు మొదట నడుగు ప్రశ్న, వరునకు హైదరాబాదులో సొంత ఇల్లున్నదా యని. ఈ ప్రశ్నకు "ఉన్నది" అని చెప్పుటకై ఇరువది యాఱేండ్ల బాలుడు, ఉద్యోగము కుదుటపడకమునుపే, తన శక్తికి మించిన ఇంటికి ముప్పదియేండ్ల ఋణము చేయుచున్నాడు. తండ్రి ఊరిలోని పొలమమ్మి మొదటి సొమ్ము సమకూర్చుచున్నాడు. ముప్పదియయిదవ యేట ఋణము చేసిన మఱియొకడు, పై లెక్క ప్రకారము, అఱువదవ యేట ఉద్యోగము విడుచునాటికి ఇంకను సుమారు రూ. 11,63,000 బాకీపడియుండును. ఆ బాకీ పింఛనుమీదనో పిల్లలమీదనో పడును. కన్య తల్లిదండ్రులారా! ఇల్లున్నదా యని యడుగుట మీ హక్కు. కాని ఇంటిపై బాకీ యెంత, అది యెన్నటికి తీఱును అనియు అడుగుడు. చిన్న యింట అద్దెకుండి అప్పులేని వరుడు, పెద్ద యింట బాకీలో నున్న వరునికంటె మీ బిడ్డకు నిశ్చింత నిచ్చును.

తుదకు పోషకుల సమక్షమున మా కోరిక. మన సంఘములో బ్యాంకులలో పనిచేసి విరమించినవారు గలరు. లెక్కల ఉపాధ్యాయులు గలరు. వారిలో ఇద్దఱు ముగ్గురు నెలకొక ఆదివారము సంఘకార్యాలయమున కూర్చుండి, ఋణము చేయబోవు మనవారికి సంతకమునకు ముందే ఈ లెక్క వేసి చూపుదురుగాక. మొత్తమెంత, గడువెంత, వడ్డీ రెండు శాతము పెరిగినచో గతియేమి, ఉద్యోగ విరమణకు ముందు తీఱునా అను నాలుగు ప్రశ్నలు చాలును. దీనికి భవనము వలదు, నిధి వలదు. ఒక బల్ల, ఒక కాగితము చాలును. ఒక్కొక్క కుటుంబమునకు మిగులు లక్షలలో కొంత విద్యార్థినిధికి చేరునని మా యాశ. చేరకున్నను, ఆ యింటి బిడ్డల చదువునకు చేరును. అదియు మన సంఘమునకు చేరినట్లే.