పశువు చెప్పే మాట విందాం



మన బంజారా పెద్దలు ఎద్దుల మీద ఉప్పు, ధాన్యం వేసుకుని ఊరూరా తిరిగినవారు. ఎద్దుకు ఏమైందో దాని నడక చూసే చెప్పేవారు. ఇవాళ తండాల్లో మనం ఆ చూపు మరిచిపోతున్నాం.

మందకు దూరంగా నిలబడినా, నెమరు మానినా, పళ్లు నూరినా, కాలితో పొట్ట తన్నుకున్నా పశువు మనకు నొప్పి చెబుతున్నట్టే. గొంతువాపు ఒక్క రోజులోనే ప్రాణం తీయగలదు. 'రేపు చూద్దాంలే' అనుకుంటే చేయి దాటిపోతుంది. వెంటనే 1962కు ఫోన్ చేద్దాం.

డాక్టరు రాగానే మేత ఎప్పుడు మానిందో, పేడ ఎలా ఉందో చెబుదాం. బెదిరిన పశువుకు గుండె వేగం పెరుగుతుంది, జబ్బు తెలుసుకోవడం కష్టమవుతుంది. అందుకే రోజూ మేపే మనిషే దాన్ని పట్టుకోవాలి.

పెద్దల చూపు, డాక్టరు మందు మనకు రెండూ కావాలి.

జై సేవాలాల్!