నిలిచిన పెండ్లికి మరునాడు



1930 ఏప్రిల్ 1న శారదాచట్టము అమలులోనికి వచ్చి, పదునాలుగేండ్లు నిండని బాలికకు వివాహము జరిపించుట దండనార్హమైనప్పుడు, మన తెలుగు గృహస్థులు పలువురు పసిబిడ్డలను వెంటబెట్టుకొని, ఫ్రెంచివారి యేలుబడిలోనున్న యానామునకు తరలిపోయి, ఆంగ్లప్రభుత్వ శాసనము చెల్లని ఆ నేలపై పెండ్లిండ్లు కావించుకొని వచ్చిరి. ఆ యూరికి కల్యాణపురమను పేరు సైతము వ్యాపించినది. అట్లు పోయినవారు చట్టమెరుగని పామరులు కారు. దాని పొలిమేర ఎక్కడ ముగియునో చక్కగా నెరిగినవారు. బాల్యవివాహము కేవలము అజ్ఞానఫలమని తేల్చివేయువారు ఈ సంగతిని విస్మరించుచున్నారు. పిల్ల చదివిన కొలది, ఎదిగిన కొలది కట్నము పెరుగునను లెక్కయు, మేనరికము చేజారునను బెంగయు, బడి దూరమైనచో దారిలో నేమగునో యను భయమును, నలుగురిలో పరువు పోవునను దిగులును ఏకమై తండ్రిచేత ముహూర్తము పెట్టించుచున్నవి.

నేటి చట్టము శారదాచట్టమువలె దుర్బలమైనది కాదు. 2006లో చేయబడిన శాసనము ప్రకారము తలపెట్టిన బాల్యవివాహమును న్యాయస్థానము ముందుగానే నిషేధింపవచ్చును. జరిపించిన పెద్దలకు రెండేండ్లవరకు కఠినకారాగారము విధింపవచ్చును. బాల్యమున జరిగిన పెండ్లిని రద్దుచేయుమని కోరు హక్కు ఆ బిడ్డకే కలదు. అయినను 2019-21 నాటి జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో, ఇరువది మొదలు ఇరువదినాలుగేండ్ల స్త్రీలలో పదునెనిమిది నిండకముందే పెండ్లియైనవారు ఆంధ్రప్రదేశమున నూటికి 29.3, తెలంగాణమున 23.5 అని తేలినది. ఇది మనకు తలవంపు.

చట్టమొక్కటే చాలదనుటకు ఒక జీవితము చూడుడు. రాజమహేంద్రవరమున 1909లో జన్మించిన దుర్గాబాయి దేశ్‌ముఖ్‌కు ఎనిమిదవయేటనే పెండ్లి చేసిరి. ఊహ తెలిసిన పిమ్మట ఆమె ఆ కాపురమునకు పోనని నిలిచినది. తండ్రియు సోదరుడును ఆమెకు అండయైరి. ఆమె ధైర్యమును మెచ్చువారు పెక్కుమంది గలరు గాని, నాకు అంతకంటెను పూజ్యముగా తోచునది ఆమె తరువాత చేసిన పని. కాదనుటతో ఆడుబ్రదుకు గట్టెక్కదనియు, కాదన్న బిడ్డకు పోవుటకొక చోటు కావలెననియు గ్రహించి, తాను మరల చదువునకు పూనుకొని, ఆంధ్ర విశ్వవిద్యాలయమున ఎం.ఏ.యు, మద్రాసులో న్యాయశాస్త్రమును పూర్తిచేసి, ఆ నడుమనే 1937లో ఆంధ్రమహిళాసభను స్థాపించి, చదువు నిలిచిపోయిన స్త్రీలను కాశీ మెట్రిక్యులేషన్ పరీక్షకు సిద్ధపరచినది.

కాదన్న బిడ్డకు చోటు చూపు ఈ రెండవ పనిని గూర్చియే, నేడు పట్టములు గైకొనుచున్న మీతో మాటాడవలెనని వచ్చితిని. నేడు ఎక్కడైన బాల్యవివాహము జరుగబోవుచున్నదని తెలిసినచో, బాలల సహాయవాణి 1098కి ఎవరో ఫోను చేయుదురు. అధికారులు వచ్చి పందిరి విప్పించి, తల్లిదండ్రులచేత హామీపత్రము వ్రాయించుకొని వెడలుదురు. మరునాడు ఆ యింట మిగులునది వంటల ఖర్చు, బంధువుల దెప్పిపొడుపు, అన్నిటికిని తానే కారణమని మాటలు పడు పదునైదేండ్ల పిల్ల. ఆమెను అట్లే వదలినచో, కొన్ని మాసములకు ఏ దూరపు గుడిలోనో అదే పెండ్లి చడిచప్పుడు లేక జరిగిపోవును. ఆపిన చేతులే ఆమెకు బాలికల వసతిబడియైన కస్తూర్బా విద్యాలయములో చోటు చూపి, పెట్టె సర్ది పంపి, సెలవులలో ఇల్లు చేరినదో లేదో, తిరిగి బడికి వచ్చినదో లేదో విచారించుచుండవలెను. పదునెనిమిది నిండువరకు సాగవలసిన పని యిది. పత్రికలలో ఫొటోలు పడని పని.

మీలో ఉపాధ్యాయులు కాబోవువారికి ప్రత్యేకముగా ఒక మనవి. పదవతరగతి పరీక్షలు ముగిసిన నాటినుండి ఇంటరులో చేరువరకును గల వేసవి మిక్కిలి ప్రమాదకరమైనది. బడి మూసియుండును, వైశాఖ జ్యేష్ఠముల ముహూర్తములు తెరచియుండును. ఆఖరిపరీక్ష నాడే మీ తరగతి ఆడపిల్లల పేర్లు వ్రాసియుంచుకొనుడు. జూనులో వారిలో ఎవరు ఏ కళాశాలలో చేరిరో ఆరా తీయుడు. చేరనివారి యింటికి స్వయముగా వెళ్లుడు.