సినిమా పూర్తయ్యాక మొదలైన పని

 

చదువు పూర్తయిన పిల్లవాడు అడవి జంతువుల సినిమాలు తీస్తానంటే చాలా ఇళ్లలో కాసేపు ఎవరూ మాట్లాడరు. మైక్ పాండే గురించి చెప్పాల్సింది అలాంటి ఇళ్లలోనే.

నైరోబీలో పుట్టిన పాండే భారతదేశంలో వన్యప్రాణుల డాక్యుమెంటరీలకు పేరుపడ్డారు. మధ్య భారతంలోని సర్గుజాలో అడవి ఏనుగులను పట్టిన తీరుపై తీసిన ‘ది లాస్ట్ మైగ్రేషన్’కు 1994లో బ్రిటన్‌లోని వైల్డ్‌స్క్రీన్ ఉత్సవంలో పాండా అవార్డు వచ్చింది. ఈ రంగంలో దాన్నే గ్రీన్ ఆస్కార్ అంటారు.

అయితే ఆయన సినిమాల్లో చట్టం దాకా వెళ్లింది 2000 నాటి ‘షోర్స్ ఆఫ్ సైలెన్స్’. కథాస్థలం గుజరాత్‌లోని సౌరాష్ట్ర తీరం. అక్కడికి వచ్చే వేల్ షార్క్ ప్రపంచంలోకెల్లా పెద్ద చేప. పేరుకు సొరచేపే గానీ మనిషి జోలికి రాదు. నోరు తెరుచుకుని ఈదుతూ ప్లవకాలను, చిన్న చేపలను వడగట్టి తింటుంది. దాని కాలేయం నూనెను చెక్క పడవలకు నీళ్లు దిగకుండా పూసేవారు. మాంసానికి విదేశాల్లో గిరాకీ పెరగడంతో వేట జోరందుకుంది. అప్పట్లో అది నేరం కాదు.

ఆ వేటను సినిమా దేశం ముందు పెట్టింది. 2001లో వేల్ షార్క్‌ను వన్యప్రాణి సంరక్షణ చట్టం మొదటి షెడ్యూలులో చేర్చారు. పులికి ఉన్న రక్షణే ఒక చేపకు దొరకడం మన దేశంలో అదే మొదలు. మరుసటి ఏడాది అంతర్జాతీయ వ్యాపారంపైనా సైట్స్ ఒప్పందం కింద నియంత్రణ వచ్చింది.

కానీ చట్టం సంగతి తీరంలో చాలామందికి తెలియనే తెలియదు. 2004లో వైల్డ్‌లైఫ్ ట్రస్ట్ ఆఫ్ ఇండియా మొదలుపెట్టిన ప్రచారంలో రామకథా ప్రవచనకర్త మొరారీ బాపు గొంతు కలిపారు. ఈ చేప పురిటికి పుట్టింటికి వచ్చిన కూతురు లాంటిది, కూతురిని చంపుకుంటామా అన్నది ఆయన వాదన. ఆ మాట జాలరుల గుండెను తాకింది. వలలో పడ్డ చేపను వదలడానికి వల కోయాల్సిందే. కోస్తే నష్టం పేదవాడిది. అందుకే గుజరాత్ ప్రభుత్వం వలకు పరిహారం ఇచ్చింది. తర్వాత జాలరుల చేతికే కెమెరాలు ఇచ్చారు. వదిలిన చేపను వాళ్లే ఫొటో తీసి సాక్ష్యం చూపించవచ్చు. అధికారి వచ్చేదాకా ఆగనక్కర్లేదు. అలా వందల చేపలు ప్రాణాలతో సముద్రంలోకి తిరిగి వెళ్లాయి.

తూర్పు తీరం కూడా దీనికి దూరం కాదు. 2022లో విశాఖ సమీపంలోని తంతడి దగ్గర వలకు చిక్కిన వేల్ షార్క్‌ను మత్స్యకారులు, అటవీ సిబ్బంది కలిసి సముద్రంలోకి పంపించారు.

ఇంత పని కెమెరా పట్టిన ఒక్కరి వల్లే జరగలేదు. చేపల శాస్త్రం చదివినవారు, చట్టం ముసాయిదా రాసినవారు, పరిహారం ఫైలు కదిపిన గుమాస్తాలు, గుజరాతీలో జాలరులతో మాట్లాడగలిగినవారు అందరూ కావలసి వచ్చారు. మన దగ్గరా ఇలాంటి పని మిగిలే ఉంది. ఏటా ఆంధ్ర తీరానికి గుడ్లు పెట్టడానికి వచ్చే ఆలివ్ రిడ్లే తాబేళ్లు ఇప్పటికీ ట్రాలర్ వలల్లో చిక్కి చనిపోతున్నాయి. అక్కడ జంతుశాస్త్రం, న్యాయశాస్త్రం, జర్నలిజం పట్టభద్రులకు చేతినిండా పని ఉంది. తెలుగులో మాట్లాడగలగడం అందులో పెద్ద అర్హత.