వేమన చూసిన చూపు



గోరంట్లకు కదిరి దూరమేమీ కాదు. ఆ కదిరి దగ్గరే కటారుపల్లి ఉంది. అక్కడ వేమన సమాధి ఉంది. వేమన పద్యాలు చదువు రానివాళ్ల నోట కూడా ఆడతాయి. బ్రౌన్ దొర వాటిని వెతికి, కూర్చి, 1829లో అచ్చు వేయించాడు.

ఈ వేమన మొదట ఎట్లాంటివాడు? జనం ఒక కథ చెప్పుకుంటారు. వయసులో ఉన్నప్పుడు ఆయన ఒక వేశ్య మోజులో పడ్డాడట. ఇంట్లో సొమ్ములు ఒక్కొక్కటే ఆమె ఇంటికి చేరాయి. ఒకనాడు ఆమె, "మీ వదిన బులాకీ కావాల" అంది. వేమన వదినను అడిగాడు. వదిన తిట్టలేదు.

"ఇస్తాను నాయనా. ఇచ్చేముందు ఆమెను ఒక్కసారి నిదానంగా చూడు" అంది.

వేమన చూశాడు. మోజు దిగిపోయింది. తప్పు ఆ ఆడమనిషిది కాదు. ఆమెది పొట్టకూటి బతుకు. తప్పు, చూడకుండా పరుగెత్తిన కోరికది.

ఇప్పటి బులాకీలు వేరు. టీవీ పిలుస్తుంది. సెల్‌ఫోను పిలుస్తుంది. "ఇప్పుడు తీసుకో, తర్వాత కట్టు" అంటారు. ఇది కరువు నేల. చెనిక్కాయల దుడ్డు ఏడాదికొకసారి చేతికొస్తుంది. వచ్చే ఏటి విత్తనం కూడా అందులోనే ఉంది.

రోజుకు 20 రూపాయలు ఊరికే పోతే నెలకు 600. ఏడాదికి 7,300.

అట్లని నోరు కట్టుకోమని కాదు. పండక్కి చీర, తలలో పూలు, తిరునాళ్లలో పిల్లలకు బొరుగులు తప్పు కాదు. మొగుని తాగుడుకు దుడ్డుండి, ఆలి గ్లాసెడు పాలకు లేకపోతే, దాన్ని నిగ్రహం అనరు. అన్యాయం అంటారు.

1992లో నెల్లూరు జిల్లా ఆడవాళ్లు సారా మీద తిరగబడ్డారు. దూబగుంటలో రాత్రిబడికి పోయి అక్షరాలు నేర్చినవాళ్లు ముందు నడిచారు. ఇల్లు ఎందుకు గుల్లవుతోందో చూశారు. తర్వాత నోరు తెరిచారు. 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రంలో సారాను నిషేధించారు.

మీకిప్పుడు రాయడం వచ్చింది. మనసు పడిన వస్తువు పేరు కాగితం మీద రాయండి. పక్కన ధర రాయండి. ఒక రాత్రి ఆగండి. తెల్లారి మళ్లీ చదవండి. అప్పటికీ కావాలనిపిస్తే, అప్పు లేకుండా కొనగలిగితే, కొనండి. సంతోషంగా కట్టుకోండి, తినండి.

కాగితం చూసి నవ్వొస్తే మడిచి పక్కన పెట్టండి. వదిన మాట పని చేసినట్టే.