కారణం తేలని నొప్పికి సరైన కోడ్



మెడికల్ కోడింగ్ పట్టభద్రులారా, మీలో చాలామంది త్వరలో హైదరాబాద్‌లోనో చెన్నైలోనో ఆఫీసుల్లో చేరతారు. అమెరికాలో ఎవరికో నడుం పట్టేస్తే, అక్కడి డాక్టరు రాసిన చార్టు చదివి కోడ్ వేసేది మీరే. ఇలాంటి సభలో గుండె మార్పిడి గురించో కేన్సర్ మందుల గురించో చెబితే ఘనంగా ఉంటుంది. నేను మాత్రం నడుం నొప్పి గురించే మాట్లాడతాను. 2020లో ప్రపంచంలో దాదాపు 62 కోట్ల మందికి అది ఉందని అంచనా. వాళ్లలో అత్యధికుల విషయంలో నొప్పికి ఫలానాదే కారణమని ఏ డాక్టరూ వేలు పెట్టి చూపించలేడు.

చాలాకాలం నడుం నొప్పికి ఎం54.5 అనే ఒకే కోడ్ ఉండేది. 2021 అక్టోబర్ 1న అమెరికా దాన్ని మూడు ముక్కలు చేసింది. ఎం54.50 అన్‌స్పెసిఫైడ్, అంటే ఏ రకమో చెప్పని నొప్పి. ఎం54.51 వెర్టిబ్రోజెనిక్, అంటే వెన్నుపూస ఎండ్‌ప్లేట్ల దగ్గర పుట్టే నొప్పి. ఎం54.59 ఇతర రకాలు. అలవాటు కొద్దీ పాత కోడే వేసినవాళ్ల క్లెయిములు తిరిగొచ్చాయి. అక్టోబర్ వస్తే కోడ్ పుస్తకం మారుతుంది, దసరా మాట ఎలా ఉన్నా.

ఒక చార్టు ఊహించుకుందాం. గోడౌన్‌లో పనిచేసే మనిషి. పెట్టె ఎత్తాడు, నడుం పట్టేసింది, నాలుగు రోజులైంది. నొప్పి కాళ్లలోకి దిగట్లేదు. పడుకోబెట్టి కాలు నిటారుగా ఎత్తించి చూశారు, తేడా లేదు. తిమ్మిరి లేదు, జ్వరం లేదు, మూత్రానికి ఇబ్బంది లేదు. అసెస్‌మెంట్‌లో ఒక్కటే లైను: లో బ్యాక్ పెయిన్, రూల్ అవుట్ డిస్క్ హెర్నియేషన్. అంటే నడుం నొప్పి, డిస్క్ జారిందేమో తేల్చుకోవాలి. కింద ఎంఆర్ఐకి ఆర్డర్.

ఇక్కడే చెయ్యి జారుతుంది. పెట్టె ఎత్తాడు కదా అని కండరం పట్టేసినట్టు ఎస్39.012ఏ వేయాలనిపిస్తుంది, కానీ స్ట్రెయిన్ అన్న మాట డాక్టరు రాయలేదు. డిస్క్ పేరు కనబడింది కాబట్టి అది జారినట్టు ఎం51.26 వేసేస్తే, ఎంఆర్ఐ బిల్లుకు ఇన్సూరెన్స్ వాళ్లు పేచీ పెట్టరని పక్క సీటాయన చెవిలో ఊదుతాడు. కానీ ఔట్‌పేషెంట్ చార్టులో బహుశా, అనుమానం, రూల్ అవుట్ అని ఉన్న జబ్బుకు కోడ్ వేయకూడదని కోడింగ్ గైడ్‌లైన్స్ తేల్చి చెబుతున్నాయి. ఆస్పత్రిలో చేరి డిశ్చార్జి అయ్యేనాటికీ అనుమానంగానే మిగిలితే నియమం వేరు, అక్కడ ఆ జబ్బు ఉన్నట్టే లెక్క. ఈ రెండింటినీ కలగలిపేసేవాళ్లు అనుభవజ్ఞుల్లోనూ ఉన్నారు. పోనీ ఎం54.59 వేద్దామా? డాక్టరు ఫలానా రకమని రాసి, ఆ రకానికి విడిగా కోడ్ లేనప్పుడే దాని అవసరం. మన గోడౌన్ మనిషికి వేయాల్సింది ఎం54.50.

అన్‌స్పెసిఫైడ్ అంటే బద్ధకమని మీకు నూరిపోసి ఉంటారు. చాలాచోట్ల అది నిజమే. నొప్పి కుడి మోకాలికా, ఎడమ మోకాలికా అని రాయని చార్టును ఎవరూ వెనకేసుకురాలేరు. నడుం దగ్గర మాత్రం ఆ సూత్రం నాకు ఒప్పుదల కాదు. నొప్పే లేనివాళ్ల స్కానింగులను పరిశీలించిన 2015 నాటి ఒక సమీక్షలో, ఇరవయ్యేళ్లవాళ్లలోనే 37 శాతం మందికి, ఎనభయ్యేళ్లవాళ్లలో 96 శాతం మందికి డిస్కులు అరిగినట్టు కనబడింది. అరుగుదల కనబడినంత మాత్రాన నొప్పి అక్కడిదే అనలేం. వైద్యానికే తెలియని కారణాన్ని కోడర్ కనిపెట్టడమేమిటి?

తప్పు కోడ్ బిల్లుతో పోదు. మన గోడౌన్ మనిషి ఫైలులో డిస్క్ జారినట్టు నమోదైపోతుంది. తర్వాతి డాక్టరు దాన్నే చదువుతాడు, ఇన్సూరెన్స్ కంపెనీ దాన్నే చదువుతుంది. ఆ మనిషి చూశాడా, వంగాలంటేనే భయపడతాడు. ఇలాంటి నొప్పికి మంచం పట్టకుండా మెల్లగా తిరగమనే కదా వైద్యుల సలహా. ఇంకో సంగతి. అమెరికాలో హీడిస్ అనే నాణ్యతా కొలమానం ఉంది. ప్రమాద సూచనలేవీ లేని నడుం నొప్పికి 28 రోజుల్లోపే స్కానింగులు తీయించేస్తున్నారా అని లెక్కగడుతుంది. ఆ లెక్కకు ఆధారం మీరు వేసే కోడ్‌లే.

ఈ సభకు వచ్చిన అమ్మానాన్నలకు ఒక మనవి. మీ పిల్లలు రోజంతా కుర్చీలో కూర్చుని పరాయివాళ్ల నడుం నొప్పులకు కోడ్‌లు వేస్తారు. ఇంటికొచ్చాక కాసేపు నడిపించండి.

చార్టు చదివినా సందేహం తీరకపోతే డాక్టరుకు క్వెరీ పంపండి. ‘డిస్క్ హెర్నియేషన్ అని రాయమంటారా?’ అని అడిగితే జవాబు మీరే అందించినట్టు, ఆడిట్‌లో దొరికిపోతారు. చార్టులో ఏమేం ఉన్నాయో ఎత్తిచూపి, నిర్ధారణ ఏమిటో వివరించమని అడిగి ఊరుకోండి. కారణం తేలలేదని జవాబొస్తే ఎం54.50 వేసి తర్వాతి చార్టు తెరవండి.