ఓడినవారికిని చోటు: మారిషస్ స్వపరిపాలన కథ

మన రాయలసీమ పల్లెలు కొన్నింట ‘పార్టీ’ అను మాటకు ఒక ప్రత్యేకమైన అర్థము కలదు. ప్యాపిలి, డోన్ ప్రాంతములలో ఒక గృహస్థుని “మీరే పార్టీ?” అని అడిగినచో, ఆ ప్రశ్న సిద్ధాంతములను గూర్చినదే కానక్కరలేదు. ఊరిలోని రెండు వర్గములలో ఏ వర్గము వెంట నడుచువారని కూడ దానికి భావము. ఎన్నికలలో ఓడినచో ఊరిలో బ్రదుకు కష్టమగునను భయము మన సీమలో పెక్కు గ్రామములను పీడించినది. ఆ భయమే పోటీని కక్షగ మార్చినది. కావున ఓడినవారికి మిగులునదేమి అను ప్రశ్న మనకు దూరపు ప్రశ్న కాదు. ఒక చిన్న ద్వీపము ఆ ప్రశ్నకు సమాధానమును వెదకుకొన్న తీరును ఈ ప్రసంగమున శ్రోతలకు మనవి చేసెదను. ఆ ద్వీపము మారిషస్. అచ్చట మన తెలుగువారును కలరు.

మారిషస్ హిందూ మహాసముద్రమున, ఆఫ్రికా ఖండమునకు తూర్పుగ నున్నది. ప్రధాన ద్వీపము వైశాల్యము 1,865 చదరపు కిలోమీటర్లు. అనగా మన నంద్యాల జిల్లాలో ఇంచుమించు అయిదవ వంతు. జనాభా పండ్రెండు లక్షలకు పైబడినది. 1810లో ఆంగ్లేయులు ఈ ద్వీపమును ఫ్రెంచివారినుండి గెలుచుకొనిరి. 1835లో బానిసత్వము రద్దయ్యెను. చెరకుతోటల యజమానులు తమకు కావలసిన కూలీలను భారతదేశమునుండి ఒప్పందములపై రప్పించుకొన నారంభించిరి. 1834 మొదలు ఇరువదవ శతాబ్ది తొలి సంవత్సరముల వరకు దాదాపు నాలుగున్నర లక్షలమంది భారతీయులు అచ్చట ఓడ దిగిరి. బీహారు ప్రాంతమువారు అధిక సంఖ్యాకులు. తమిళులు, మరాఠీలు, గోదావరి విశాఖ తీరములనుండి వెడలిన తెలుగువారు తక్కిన వారు.

వానలు తప్పి, వేరుసెనగ చేలు ఎండిన సంవత్సరమున మన మెట్టప్రాంతపు కుటుంబములు కూలికై దూరదేశములకు తరలిపోవుట మనకు తెలిసినదే. కాని అట్లు పోయినవారికి ఇల్లును, ఓటును ఊరిలోనే యుండును. సముద్రము దాటినవారికి ఆ వీలు లేకపోయెను. ఒప్పందపు గడువు ముగిసిన పిదప చాలమంది అచ్చటనే నిలిచిపోయిరి. వారి బిడ్డలును, మనుమలును ఆ నేలమీదనే పుట్టిరి. అయినను ఆ నేలను పాలించుటలో వారికి భాగము లేకుండెను. 1886 నాటి రాజ్యాంగము ఆస్తియు ఆదాయమును కలవారికి మాత్రమే ఓటు నిచ్చినది. చెరకు నరకు చేతికి ఓటు చీటీ అందుటకు ఇంకను అరువది సంవత్సరములు పట్టినది.

1936లో డాక్టర్ మోరిస్ క్యూరే లేబర్ పార్టీని స్థాపించెను. ఆ మరుసటి సంవత్సరమే తోటలలో కూలీల తిరుగుబాటులు చెలరేగెను. 1947లో వచ్చిన కొత్త రాజ్యాంగము ఓటుహక్కునకు ఆస్తిని గాక అక్షరమును ప్రమాణముగ నిలిపినది. ద్వీపమున వాడుకలో నున్న భాషలలో ఏదేని యొకదానియందు సులభమైన వాక్యములు చదివి వ్రాయగలిగిన వయోజనులు ఓటర్లు కావచ్చును. ఆ భాషల పట్టికలో ఇంగ్లీషు, ఫ్రెంచి, హిందీలతోపాటు తెలుగునకును చోటు దొరికినది. బాసుదేవ్ బిసూన్‌దయాళ్ నడిపిన జన ఆందోళనోద్యమపు కార్యకర్తలు ఊరూర తిరిగి, కూలి ముగించుకొని వచ్చిన స్త్రీ పురుషులకు అక్షరములు దిద్దించిరి. పూర్వము పండ్రెండువేలు మాత్రమేయున్న ఓటర్ల సంఖ్య 1948 ఎన్నికలనాటికి డెబ్బదివేలు దాటినది. భారతీయ సంతతివారు పెద్దసంఖ్యలో శాసనసభకు ఎన్నికైరి. ఓనమాలు ఓటుగ మారిన ఆ ఘట్టమున తెలుగు లిపికిని కొంత పాలు గలదనుట మనకు సంతోషకరము.

ఓటర్లు పెరిగినకొలది పక్షములును పెరిగెను. లేబర్ పార్టీకి క్రమముగ డాక్టర్ శివసాగర్ రామ్‌గులామ్ నాయకుడయ్యెను. ఆయన లండనులో వైద్యము చదివి 1935లో స్వదేశమునకు తిరిగివచ్చినవాడు. బాసుదేవ్ తమ్ముడైన సుఖదేవ్ బిసూన్‌దయాళ్ 1958లో ఇండిపెండెంట్ ఫార్వర్డ్ బ్లాక్‌ను స్థాపించెను. అబ్దుల్ రజాక్ మొహమ్మద్ ముస్లిముల పక్షమున కమిటీ ఆఫ్ ముస్లిం యాక్షన్‌ను నడపెను. ఫ్రెంచి సంతతివారును, ఆఫ్రికా మూలములుగల క్రియోల్ జనులును ఎక్కువగ పార్తీ మోరిసియన్ వైపు మొగ్గిరి. తరువాతి కాలమున ఆ పక్షమునకు గేటాన్ దువాల్ నాయకుడయ్యెను. ఆయన వాగ్ధాటియు, ఆకర్షణయు గల యువ న్యాయవాది. 1959లో వయోజనులందరికిని ఓటు లభించెను. 1961లో రామ్‌గులామ్ ముఖ్యమంత్రి యయ్యెను. 1964లో ఆయన ప్రధానియని పిలువబడెను.

ఇక మిగిలినది సంపూర్ణ స్వాతంత్ర్యము. పోటీ తీవ్రమైనది ఈ సందర్భముననే. బ్రిటిషువారు వెడలిపోయినచో సంఖ్యాధికులైన హిందువులే శాశ్వతముగ పాలింతురని దువాల్ అనుచరులు భయపడిరి. బ్రిటనుతో ఒకవిధమైన అనుబంధము నిలుపుకొనవలెనని వారి వాదము. రామ్‌గులామ్ పక్షమువారికి స్వాతంత్ర్యమే గమ్యము. ఈ భయమును తొలగించుటకై 1967 ఎన్నికలకు పూర్వము ఒక విచిత్రమైన ఏర్పాటు జరిగినది. ప్రధాన ద్వీపమును ఇరువది నియోజకవర్గములుగ విభజించి, ఒక్కొక్కదానినుండి ముగ్గురేసి సభ్యుల నెన్నుకొందురు. రోడ్రిగ్స్ అను చిన్న ద్వీపమునుండి ఇరువురు. మొత్తము 62 మంది. వీరికి తోడు, ఓడిపోయిన అభ్యర్థులలో ఎక్కువ ఓట్లు వచ్చినవారినుండి ఎనిమిదిమంది వరకు సభలో కూర్చుండబెట్టుదురు. చాలినంత ప్రాతినిధ్యము దొరకని మతవర్గములకు ఆ లోటు తీర్చుట దీని ఉద్దేశము. ఓడినవారికి చట్టమే కుర్చీ వేసిన ఇట్టి పద్ధతి లోకమున అరుదు.

1967 ఆగస్టు 7న ఎన్నికలు జరిగెను. రామ్‌గులామ్, బిసూన్‌దయాళ్, మొహమ్మద్ ముగ్గురును ఏకమై 39 స్థానములు గెలుచుకొనిరి. దువాల్ పక్షమునకు 23 వచ్చెను. ఓటర్లలో నూటికి నలుబదిమందికి పైగ స్వాతంత్ర్యమును కోరని పక్షమునకు ఓటు వేసిరి. 1968 జనవరిలో రాజధానియగు పోర్ట్ లూయీలో ముస్లిములకును క్రియోల్ జనులకును మధ్య ఘర్షణలు రేగి, బ్రిటిషు సైనికులను రప్పింపవలసి వచ్చినది. అట్టి ఉద్రిక్తతల నడుమనే మార్చి 12న మారిషస్ స్వతంత్రమయ్యెను.

ఆ సమయమున గెలిచిన నాయకుడు ఓడిన పక్షమును అణచివేయ తలపెట్టలేదు. 1969 ముగియునాటికి దువాల్‌ను మంత్రివర్గమునకు ఆహ్వానించెను. స్వాతంత్ర్యమును వ్యతిరేకించినవాడే ఆ స్వతంత్రదేశమునకు విదేశాంగమంత్రి యయ్యెను. మతవర్గముల నడుమ కోపములు చల్లబడుటకు ఈ సంధి మిక్కిలి తోడ్పడినది. అయితే దీనికి దేశము చెల్లించిన మూల్యమును కూడ చెప్పవలసియున్నది. ప్రధాన పక్షములు రెండును ఒక్కటియైనవి గనుక 1972లో జరుగవలసిన ఎన్నికలను 1976 వరకు వాయిదా వేసిరి. పాతవారు పరస్పరము చోటిచ్చుకొనిరి గాని, కొత్తగ వచ్చు మూడవవానికి తలుపు మూసిరి.

ఆ మూడవ పక్షము 1969లో పుట్టిన మిలిటెంట్ ఉద్యమము, అనగా ఎం.ఎం.ఎం. దాని స్థాపకులలో ఫ్రెంచి సంతతికి చెందిన పాల్ బెరాంజేతోపాటు తెలుగు సంతతివాడైన దేవ్ వీరాస్వామి ముఖ్యుడు. 1970లో, ప్రధాని స్వంత నియోజకవర్గమైన ట్రియోలే ప్రాంతమున జరిగిన ఉపఎన్నికలో వీరాస్వామి గెలిచి, ఆ పక్షమునకు మొదటి శాసనసభ్యుడయ్యెను. అచ్చటి ఓటర్లలో తెలుగువారు కొలదిమందియే. వారు తెలుగువాడని ఆయనను గెలిపింపలేదు. పాతవారిపై అసంతృప్తితోను, యువకుడు చెప్పిన కొత్త మాటపై నమ్మకముతోను గెలిపించిరి. 1971 చివర అత్యవసర పరిస్థితి విధింపబడి, ఎం.ఎం.ఎం. నాయకులు కారాగారముల పాలైరి. వీరాస్వామియు వారిలో నుండెను. తరువాత ఆయన ఆ పక్షమును విడిచి, ద్వీపజనులందరును మాటలాడు క్రియోల్ భాషలో నాటకములు వ్రాసి ప్రసిద్ధుడయ్యెను. 2023లో కీర్తిశేషుడయ్యెను.

మూసిన తలుపు 1976లో తెరచుకొన్నది. డెబ్బది స్థానములలో ఎం.ఎం.ఎం. 34 గెలిచి, అతిపెద్ద పక్షమయ్యెను. అయినను లేబర్ 28, దువాల్ పక్షము 8 కలిపి ప్రభుత్వము నేర్పరచిరి. 1982లో అనిరుధ్ జగన్నాథ్ నాయకత్వమున ఎం.ఎం.ఎం. కూటమి ప్రధాన ద్వీపములోని అరువది స్థానములను ఒక్కటియు విడువక గెలిచినది. స్వాతంత్ర్య పితయగు రామ్‌గులామ్ తన స్థానమునే కోల్పోయెను. సభలో విపక్షము పూర్తిగ లేకుండపోవలసినదే. కాని ఓడినవారికి కుర్చీ వేయు ఆ చట్టము మూలమున ఓడిన పక్షములకు నాలుగు స్థానములు దొరికెను. ఏడాది తిరుగకమునుపే గెలిచినవారు చీలిపోయిరి. జగన్నాథ్ కొత్త పక్షము పెట్టి, నిన్నటి ప్రత్యర్థులతో పొత్తు కుదుర్చుకొనెను. ఆ ప్రభుత్వ కాలముననే, 1983లో, రామ్‌గులామ్ గవర్నర్ జనరల్‌గ నియుక్తుడై, 1985లో మరణించువరకు ఆ పదవిలో నుండెను. తన్ను ఓడించినవాని ప్రభుత్వమున అత్యున్నత పీఠము నధిష్ఠించుట అరుదైన సంగతియే.

అరువదికి అరువది యను ఫలితము 1995లోను, 2024లోను మరల వచ్చినది. ఈ రెండు పర్యాయములును ప్రధాని యైనవాడు శివసాగరుని కుమారుడైన నవీన్ రామ్‌గులామ్. 2024లో ఓడినవాడు జగన్నాథుని కుమారుడైన ప్రవింద్. అనగా నాయకత్వము కొలది కుటుంబములలోనే తిరుగుచున్నదను విమర్శకు అచ్చట ఆధారము లేకపోలేదు. అయినను ఓడిన ప్రధాని పదవి దిగి ఇంటికి పోవుటయు, గెలిచినవాడు వచ్చి కూర్చుండుటయు ఆ దేశమున సాధారణ విషయములైనవి.

ఈ వ్యవస్థలో తెలుగువారి స్థితి యేమి? జనాభాలో వారు నూటికి రెండు మూడు పాళ్లు మాత్రమే. ఏ నియోజకవర్గమునను వారికి సంఖ్యాబలము లేదు. పైని చెప్పిన ఎనిమిది స్థానముల లెక్కలో హిందువులు, ముస్లిములు, చీనా జాతివారు, తక్కిన సాధారణ జనులు అని నాలుగే వర్గములు. తెలుగువారును, తమిళులును హిందువులలోనే చేరుదురు. కనుక చట్టము వారికి ప్రత్యేకమైన కుర్చీ వేయలేదు. వారికి చోటు నిచ్చినది పక్షముల పోటీయే. ఒక్కొక్క నియోజకవర్గమున ముగ్గురిని నిలుపవలసిన పక్షము, ముగ్గురిని ఒకే వర్గమునుండి ఎన్నుకొనినచో తక్కిన ఓట్లు జారిపోవును. అందుచేత చిన్న సమూహములను పెద్ద పక్షములు వెదకుకొనుచు రావలసియున్నది. బడులలో తెలుగు బోధన, రేడియోలో తెలుగు కార్యక్రమములు, ఉగాది సెలవు, 1990లో అచ్చట జరిగిన మూడవ ప్రపంచ తెలుగు మహాసభలు — వీని వెనుక ఆ సమూహపు భాషాభిమానముతోపాటు ఈ రాజకీయపు లెక్కయు కొంత గలదు.

ఈ పద్ధతిలో దోషములును కలవు. అభ్యర్థి తాను ఏ వర్గమువాడో ప్రకటింపవలెనను నిబంధనను మారిషస్ యువకులు కొందరు అంగీకరింపలేదు. మేము మారిషస్ పౌరులము, అంతకుమించి చెప్పమని వారు వాదించిరి. 2012లో ఐక్యరాజ్యసమితి మానవహక్కుల సంఘము వారి వాదమును సమర్థించినది. లెక్కకు ఆధారమైన మతవర్గ జనాభా గణన 1972 నాటిది. 2014 ఎన్నికలకు మాత్రము ఆ ప్రకటనను ఐచ్ఛికము చేసిరి. భయమును పోగొట్టుటకై కట్టిన గోడ, భయము తగ్గిన పిమ్మట దారికి అడ్డమగుట సహజము.

స్వాతంత్ర్యమునాడు దువాల్ పక్షమునే బలపరచిన రోడ్రిగ్స్ ద్వీపము మాట యేమని శ్రోతలు అడుగవచ్చును. 2001లో చట్టము చేసి, 2002 మొదలు దానికి ప్రత్యేకమైన ప్రాంతీయసభను ఏర్పరచిరి. స్వపరిపాలనను కోరి సాధించిన ద్వీపము, తనలోని చిన్న ద్వీపమునకు కొంత స్వపరిపాలనను పంచియిచ్చినది. అచ్చటను రెండు మూడు పక్షములు పోటీపడుచున్నవి, ప్రభుత్వములు మారుచున్నవి.

నేడు మారిషస్‌లో ఎవరైన సంతకు పోయినచో వారి చేతిలోని నోట్లపై ఈ కథయంతయు కనబడును. రెండువేల రూపాయల నోటుపై రామ్‌గులామ్, వేయి రూపాయల నోటుపై దువాల్, అయిదువందల నోటుపై బిసూన్‌దయాళ్, రెండువందల నోటుపై మొహమ్మద్. ఒకరినొకరు ఓడించుటకు జీవితమంతయు పోరాడినవారు ఇప్పుడు ఒకే సంచిలో నున్నారు. వారు కలహింపలేదని కాదు. కలహము మరుసటి ఎన్నికవరకు మాత్రమే నిలుచునట్లు చూచుకొనిరి. దానిని మరచిన నాలుగు సంవత్సరములలో చెరసాలలు నిండెను. మన గ్రామములలో పంచాయతీ ఎన్నికలు వచ్చినపుడు, గెలిచినవారు ఓడినవారి వీధికిని నీటికొళాయి వేయించినచో, ఓడినవారు నిర్భయముగ మరల నామపత్రము దాఖలు చేయగలిగినచో, ‘పార్టీ’ అను మాటకు మన సీమలోను దాని అసలు అర్థము తిరిగి వచ్చును.